నలభై రాకముందే బామ్మ: సారా గార్సియా వేషం వెనక లెక్క

మెక్సికోలో వేడి చాక్లెట్ తాగే ఇళ్లలో ఒక పసుపు పెట్టె తరచుగా కనిపిస్తుంది. లోపల దాల్చినచెక్క కలిపిన గుండ్రటి చాక్లెట్ బిళ్లలుంటాయి. ఒక బిళ్ల తీసి వేడి పాలలో వేసి, 'మొలినీయో' అనే చెక్క కవ్వంతో నురగ తేలేదాకా చిలుకుతారు. పెట్టె మీద ఒక ముసలావిడ బొమ్మ. కళ్లద్దాలు, నెరిసిన జుట్టు, ఇంకో కప్పు పోయనా అని అడుగుతున్నట్టుండే నవ్వు. బ్రాండ్ పేరు 'అబుయెలీతా'. స్పానిష్‌లో ఆ మాట అమ్మమ్మకూ వర్తిస్తుంది, నాయనమ్మకూ వర్తిస్తుంది. మనలాగా వాళ్లకు వేరువేరు పిలుపుల్లేవు. 1973లో ఆ పెట్టె మీదికి ఎక్కిన ముఖం సినిమా నటి సారా గార్సియాది. తర్వాత కంపెనీ చేతులు మారి నెస్లేకు వెళ్లింది కానీ ముఖం మాత్రం మారలేదు. ఆ ముఖం గల మనిషికి సొంత మనవలెవరూ లేరు.

సారా గార్సియా పేరెత్తితే అందరూ మొదట చెప్పేది పళ్ల కథ. 1934లో ఒక నాటకంలో బామ్మ పాత్ర ఉంది. అప్పటికి ఆమెకు నలభై కూడా నిండలేదు. చూడటానికి బాగా చిన్నగా ఉన్నావు, కుదరదు అన్నారట. ఆమె నేరుగా పళ్ల డాక్టర్ దగ్గరికి వెళ్లి 14 పళ్లు పీకించుకుని వచ్చింది. దవడ లోపలికి పోయింది, పెదవులు ముడుచుకున్నాయి, మాటలో చిన్న తొస్సు వచ్చింది. పైన తెల్ల విగ్గు పెడితే బామ్మ తయారు. సినిమా పత్రికలు ఈ కథను త్యాగంగా, కళ మీద పిచ్చిగా చెబుతూ వచ్చాయి. అందులో నిజమెంతున్నా, దాన్ని ఒక పెట్టుబడిగా చూస్తేనే ఆమె కెరీర్ అర్థమవుతుంది. హీరోయిన్‌కు వయసు ఏటా తరిగిపోయే సరుకు. బామ్మకు అది ఏటా పెరుగుతుంది. సారా తన యవ్వనంలో మిగిలిన కాస్తా ఒక్కసారే ఖర్చు పెట్టేసి, ఆ తర్వాత 46 ఏళ్లు దాని మీద వడ్డీ తిన్నది.

అంతకుముందు సంగతి కొంచెం చెప్పాలి. ఆమె 1895 సెప్టెంబర్ 8న వెరాక్రూస్ రాష్ట్రంలోని ఒరిసాబాలో పుట్టింది. తల్లిదండ్రులు స్పెయిన్ నుంచి వచ్చినవాళ్లు. చిన్నతనంలోనే ఇద్దరూ పోయారు. మెక్సికో సిటీలో విస్కయీనాస్ అనే పాత విద్యాసంస్థ ఉంది. అనాథ ఆడపిల్లల కోసం, వితంతువుల కోసం 18వ శతాబ్దంలో బాస్క్ ప్రాంతపు వ్యాపారులు కట్టించింది. సారా అక్కడే చదివి, అక్కడే పాఠాలు చెప్పింది. 1917లో మిమీ దెర్బా అనే నటి, కెమెరామన్ ఎన్రీకె రోసాస్‌తో కలిసి ఆస్తెకా ఫిల్మ్ అనే మూకీ సినిమాల కంపెనీ పెట్టింది. మెక్సికోలో ఒక స్త్రీ పూనుకుని పెట్టిన తొలి సినిమా కంపెనీగా దానికి పేరుంది. ఒకే ఏడాదిలో ఐదు సినిమాలు తీసి మూతబడింది. వాటిలోనే సారా తొలిసారి కెమెరా ముందు నిలబడింది, చిన్నాచితకా వేషాల్లో.

ఆ తర్వాత దాదాపు పదిహేనేళ్లు ఆమె బతుకంతా నాటకాల కంపెనీలతోనే గడిచింది. ఊరూరా తిరగడం, వారానికో కొత్త నాటకం బట్టీ పట్టడం, ప్రాంప్టర్ గొంతు మీద ఓ చెవి వేసి ఉంచడం. తోటి నటుడు ఫెర్నాండో ఇబాన్యెస్‌ను పెళ్లి చేసుకుంది, ఒక కూతురు పుట్టింది, ఆ కాపురం నిలవలేదు. సినిమాకు మాట వచ్చి, 1932లో 'సాంతా' బాగా ఆడేసరికి, స్టూడియోలకు హఠాత్తుగా డైలాగు చెప్పగలిగే నటులు కావాల్సి వచ్చింది. నాటకాల నుంచి వచ్చినవాళ్లకు అది పండగ. సారా ఆ గుంపులో ఒకతె.

ఇక్కడ మెక్సికో సినిమా ఆర్థికం కొద్దిగా తెలియాలి. 1936లో 'అయా ఎన్ ఎల్ రాంచో గ్రాందె' అనే పల్లెటూరి పాటల సినిమా స్పానిష్ మాట్లాడే దేశాలన్నింటిలో ఆడింది. ఆ తర్వాత రెండో ప్రపంచ యుద్ధం వచ్చింది. అమెరికా తన పక్షాన నిలిచిన మెక్సికోకు ముడి ఫిలిం ధారాళంగా ఇచ్చి, తటస్థంగా ఉన్న అర్జెంటీనాకు కోత పెట్టింది. లాటిన్ అమెరికా మార్కెట్ మెక్సికో చేతికి చిక్కింది. స్టూడియోలు రాత్రీపగలూ పనిచేశాయి. అన్ని సినిమాలు తీయాలంటే ప్రతి కథకూ కొత్త మనుషుల్ని వెతికే తీరిక ఉండదు. అమాయకపు పిల్ల, మీసం మెలేసే చార్రో (గుర్రపు స్వారీ చేసే పల్లెటూరి వీరుడు), కఠినమైన తండ్రి, కన్నీళ్ల తల్లి అంటూ పాత్రలు అచ్చులుగా స్థిరపడ్డాయి. తెర మీద ఎవరు కనిపించగానే ప్రేక్షకుడికి కథ సగం తెలిసిపోతుందో, అలాంటి క్యారెక్టర్ ఆర్టిస్టులు అందరికన్నా ముందు కావాల్సి వచ్చారు. హీరో మారొచ్చు, తల్లి మాత్రం అదే తల్లి.

మరి ఆ తల్లికి అంత గిరాకీ ఎందుకు? 1922లో 'ఎక్సెల్సియోర్' దినపత్రిక మే 10ని తల్లుల దినంగా జరపాలని ప్రచారం మొదలెట్టింది. యుకతాన్ రాష్ట్రంలో స్త్రీల హక్కుల గురించీ, సంతాన నియంత్రణ గురించీ కరపత్రాలు తిరుగుతున్న రోజులవి. వాటికి జవాబుగా త్యాగమూర్తి అయిన తల్లిని పీఠమెక్కించడం సంప్రదాయవాదులకు పనికొచ్చింది. 1949 మే 10న మెక్సికో సిటీలో తల్లికి ఏకంగా ఒక స్మారకమే ఆవిష్కరించారు. విప్లవం, ఆ తర్వాత ప్రభుత్వానికీ చర్చికీ మధ్య జరిగిన పోరు, పల్లెల నుంచి నగరానికి వలసలు. ఇన్ని కుదుపుల తర్వాత, ఇల్లు మాత్రం కదలలేదు అని చెప్పే కథ జనానికి కావాల్సి వచ్చింది. సారా సినిమాల పేర్లు చూస్తే చాలు: 'తల్లయితే సరిపోదు' (1937), 'మా చిట్టి తల్లి' (1940), 'పొదుగుకోడి' (1941), 'బామ్మ' (1942). పోస్టర్ మీద పేరు చదివి టికెట్ కొనేవాళ్లకు లోపల ఏముంటుందో అనుమానమే లేదు.

ఈ వరసలో అసలైనది 1941 నాటి 'క్వాందో లోస్ ఇహోస్ సె వాన్', అంటే పిల్లలు వెళ్లిపోయినప్పుడు. దర్శకుడు హువాన్ బుస్తీయో ఓరో. తండ్రిగా ఫెర్నాందో సోలెర్. చేయని తప్పుకు ఒక కొడుకును తండ్రి ఇంట్లోంచి వెళ్లగొడతాడు. తల్లి మాత్రం వాణ్ని నమ్ముతూనే ఉంటుంది. ఇప్పుడు చూస్తే కథలో తొందరగా కరిగే చక్కెర ఎక్కువే. అయినా సారా పనితనం గమనించదగ్గది. ఏడుపు సినిమా తల్లి కదా అని ఆమె మొదటి నుంచీ ఏడవదు. చేతులకు ఏదో ఒక పని పెట్టుకుంటుంది, భర్త అరుస్తున్నంతసేపూ చూపు దించుకునే ఉంటుంది. కొడుకు గడప దాటే క్షణానికి ఆ చూపు పైకి లేస్తుంది. నాటకాల్లో వెనక వరసదాకా వినపడేలా నేర్చుకున్న గొంతును కెమెరా కోసం సగానికి తగ్గించుకోవడం అందరికీ చేతకాలేదు. ఆమెకు చేతనైంది.

అదే సమయంలో సొంత ఇంట్లో ఏం జరిగిందో ఆమె ప్రేక్షకుల్లో చాలామందికి తెలుసు. కూతురు మరియా ఫెర్నాందా కూడా నటే. తర్వాత పెద్ద పాటల హీరో అయిన హోర్హె నెగ్రెతె తొలి సినిమా 'లా మద్రీనా దెల్ ద్యాబ్లో'లో (1937) అతని సరసన చేసింది. 1940లో ఇరవయ్యేళ్ల వయసులో టైఫాయిడ్‌తో చనిపోయింది. కొడుకు కోసం ఏడ్చే తల్లిగా దేశమంతా సారాను చూసింది ఆ మరుసటి ఏడాదే. నటనకూ నిజానికీ ముడిపెట్టడం సినిమా పత్రికలకు తేలికైన పని. ఆ ముడి ఎంత గట్టిదో బయటివాళ్లు చెప్పలేరు. ఇంకో సంగతి మాత్రం కనిపిస్తూనే ఉంది. తండ్రి, తల్లి, పిల్లలు, వంటిల్లు అనే కుటుంబానికి తెర మీద గుర్తుగా నిలిచిన మనిషి, జీవితంలో మాత్రం మొగుడు లేని ఇంట్లో, ఒక చిన్ననాటి స్నేహితురాలితో దశాబ్దాల పాటు కలిసి బతికింది.

కన్నీళ్లతోనే ఆగిపోయి ఉంటే సారా గురించి ఇంత మాట్లాడాల్సిన పని లేదు. అలాంటి తల్లులు ప్రతి సినిమా పరిశ్రమలోనూ ఉంటారు. ఆమెను నిలబెట్టింది హాస్యం. హొఆకీన్ పర్దావె అనే గొప్ప హాస్యనటుడు 1942లో 'ఎల్ బైసానో హలీల్' తీసి, అందులో లెబనాన్ నుంచి వలసొచ్చిన బట్టల వ్యాపారిగా తనే నటించాడు. భార్య సారా. స్పానిష్‌లో 'పైసానో' అంటే మన ఊరివాడు అని. అరబిక్‌లో 'ప' లేదు గనక అది వాళ్ల నోట 'బైసానో' అవుతుంది. సినిమా పేరులోనే ఆ యాస ఉంది. యాసను వెక్కిరించి నవ్వించే సినిమాలు త్వరగా పాతబడతాయి. ఇది అంతగా పాతబడలేదు, ఎందుకంటే ఆ ఇద్దరూ భార్యాభర్తలుగా ఒకరినొకరు కనిపెట్టుకుని ఉండే తీరు యాస కన్నా ముందు కనబడుతుంది. తర్వాత 'లా ఫమీలియా పేరెస్'లో (1949) ఇదే జంట తలకిందులైంది. ఇంటి పరువు, హోదా అంటూ సారా మొగుణ్ని వేపుకు తింటుంది, పర్దావె తలొంచుకుని తిరుగుతాడు. ఏడ్చే తల్లినే ఏడిపించే భార్యగా చూడటానికి జనం ఎగబడ్డారు.

1947లో ఇస్మాయెల్ రొద్రీగెస్ తీసిన 'లోస్ త్రెస్ గార్సియా' వచ్చింది. చాలామంది మెక్సికన్లకు సారా అంటే ఈ సినిమానే. ముగ్గురు మనవలు, ముగ్గురూ పిన్నతండ్రి పెదతండ్రి బిడ్డలు, ముగ్గురికీ పౌరుషం ఎక్కువ, చీటికీమాటికీ పిస్తోలు మీద చెయ్యి పడుతుంది. వాళ్లలో ఒకడిగా వేసింది ఆనాటి గాయక హీరో పెద్రో ఇన్ఫాంతె. వాళ్లు భయపడే ఏకైక మనిషి నాయనమ్మ దోన్యా లూయిసా. చుట్ట తాగుతుంది, నోటికొచ్చినట్టు తిడుతుంది, చేతికర్రతో మీసాలొచ్చిన మనవల వీపులు చితక్కొడుతుంది. ఊళ్లోవాళ్లను గడగడలాడించే మగాళ్లు ఆ కర్ర చూడగానే పదేళ్ల పిల్లలైపోతారు.

ఈ పాత్రను విడిగా చూస్తే నవ్వొస్తుంది గానీ, దీనిలో ఒక తెలివైన పని జరిగింది. మెక్సికో పల్లె సినిమాలన్నీ మగతనం చుట్టూ తిరిగేవి. ఆ మగతనాన్ని ఎగతాళి చేయాలంటే హీరోయిన్ వల్ల కాదు. ఆమె చివరికి ఎవరో ఒకరిని పెళ్లి చేసుకోవాలి. విలన్ వల్లా కాదు. వయసు పైబడిన ఆడమనిషి వల్లే అవుతుంది, ఎందుకంటే ఆమెను ఎదిరించే హక్కు తెర మీద ఎవరికీ లేదు. పది సినిమాల్లో తల్లిగా ఏడ్చి సంపాదించిన గౌరవాన్ని సారా ఇక్కడ కర్రలా వాడుకుంది. మొదట తల్లి, ఆ తర్వాతే చుట్ట. ఆ వరస తిరగబడి ఉంటే ఈ పాత్ర ఇంతగా పండేది కాదు. ఇంకో మాట కూడా ఒప్పుకోవాలి. పెత్తనం మగవాళ్ల చేతి నుంచి పోలేదు, కాసేపు ముసలమ్మ చేతికి వచ్చిందంతే. ఆమె కొట్టేది మనవలు మంచి మగాళ్లు కావాలనే.

అదే ఏడాది వచ్చిన రెండో భాగం 'వుయెల్వెన్ లోస్ గార్సియా'లో నాయనమ్మ చనిపోతుంది. ఇన్ఫాంతె తాగి, సమాధి దగ్గర ఏడుస్తూ 'మి కరిన్యీతో' పాడే సీను మెక్సికోలో తరతరాలుగా తెలిసినదే. మొదటి భాగంలో ఆమెకు ఎదురుగా పాడిన పాటే అది. తేదీలు చూస్తే ఒక చిత్రం తోస్తుంది. ఇన్ఫాంతె పుట్టింది 1917లో, సారా మొదటిసారి కెమెరా ముందుకు వచ్చిన ఏడాది. అతను 1957 ఏప్రిల్ 15న మేరిదాలో విమానం కూలి చనిపోయాడు, నలభై నిండకుండానే. సమాధిలో ఉండాల్సిన నాయనమ్మ అతని తర్వాత 23 ఏళ్లు బతికి, సినిమాలు చేస్తూనే ఉంది. నెగ్రెతె 1953లోనే పోయాడు, పర్దావె 1955లో. తారల్లో అందరికన్నా పేరున్న మరియా ఫెలిక్స్ సారా కన్నా 19 ఏళ్లు చిన్నది. 47 సినిమాలు చేసి 1970 ప్రాంతంలో ఆపేసింది. సారా లెక్క 150 దగ్గర ఉంటుంది.

యాభైల చివరికి ఆ స్వర్ణయుగం అయిపోయింది. డబ్బు లేదు, టీవీ వచ్చింది, దర్శకుల సంఘం కొత్తవాళ్లను రానివ్వలేదు, వారాల్లో చుట్టేసే చవక సినిమాలు పెరిగాయి. ఈ కాలంలో ఆమె చేసినవాటిలో చాలా వాటి గురించి చెప్పుకోవడానికి ఏమీ లేదు. కాల్షీట్ ఇచ్చింది, వచ్చి విగ్గు పెట్టుకుంది, వెళ్లిపోయింది. ఒక ముచ్చటైన మినహాయింపు ఉంది. 1956లో 'లా తెర్సేరా పలాబ్రా'లో సారా, ప్రుదెన్సియా గ్రిఫెల్ ఇద్దరూ ఇన్ఫాంతెకు మేనత్తలుగా వేశారు. ఆ జోడీ కుదిరింది. 1959లో వాళ్లనే ముఖ్య పాత్రల్లో పెట్టి 'లాస్ సెన్యోరీతాస్ వివాంకో' తీశారు. చితికిపోయిన జమీందారీ కుటుంబపు అక్కచెల్లెళ్లు, పెళ్లి కానివాళ్లు, మర్యాదగా మాట్లాడుతూనే దొంగతనాలకు దిగుతారు. అరవై దాటిన సారా, ఎనభైకి దగ్గరైన గ్రిఫెల్ టికెట్లు అమ్మగలరని తేలింది. రెండో భాగం కూడా వచ్చింది. క్యారెక్టర్ ఆర్టిస్టులకు పోస్టర్ మీద పెద్దక్షరాలు దొరకడం ఏ దేశంలోనైనా అరుదే.

ఆమె కెరీర్‌లో అన్నింటికన్నా ధైర్యమైన పని 76 ఏళ్లప్పుడు జరిగింది. లూయిస్ అల్కొరీసా స్పెయిన్ నుంచి ప్రవాసం వచ్చిన దర్శకుడు, ప్రఖ్యాత దర్శకుడు లూయిస్ బున్యుయెల్‌కు స్క్రిప్టులు రాసినవాడు. 1972లో విడుదలైన అతని 'మెకానికా నాసియొనాల్'లో ఒక మెకానిక్ తన కుటుంబాన్ని, స్నేహితులను వెంటేసుకుని కార్ల రేసు చూడటానికి ఊరి బయటికి వెళతాడు. తాగుడు, తిండి, కొట్లాటలు, రంకులు. మెకానిక్ తల్లిగా సారా. బండబూతులు తిడుతుంది, దొరికిందల్లా తింటుంది, తిండి ఎక్కువై అక్కడే చనిపోతుంది. తిరుగు దారిలో ట్రాఫిక్ కదలదు. మెక్సికో బామ్మ శవాన్ని కార్లో కూర్చోబెట్టుకుని ఇంటికి తీసుకుపోతారు.

ఈ పాత్రను పేరు లేని ఏ ముసలి నటి వేసినా సినిమా పనిచేసేదే, కాకపోతే అది మామూలు ఎగతాళిగా మిగిలిపోయేది. అల్కొరీసాకు కావాల్సింది ఆ ముఖమే. ముప్పై ఏళ్లు ప్రేక్షకులు కన్నీళ్లతో కడిగిన ముఖం బూతు మాట్లాడితే, ఆ ముఖం చుట్టూ కట్టిన కుటుంబ కథంతా ఒక్కసారి బీటలువారుతుంది. విషయం సారాకు తెలియక ఒప్పుకుందనుకోవడం కష్టం. వేషాన్ని కట్టిందీ ఆమే, కూల్చడానికి చేయి అందించిందీ ఆమే. రెండేళ్ల తర్వాత 'ఫె, ఎస్పెరాన్సా ఇ కరిదాద్' అనే మూడు కథల సినిమాలో, హోర్హె ఫోన్స్ తీసిన 'కరిదాద్' భాగంలో ఆమె పేద పిల్లలకు చిల్లర డబ్బులు పంచే దయగల ముసలావిడ. ఆ చిల్లర కోసం పిల్లలు కొట్టుకుంటారు, గొడవ పెద్దలదాకా పాకి ఒక ప్రాణం పోతుంది. ఆమె దయగల ముఖాన్ని ఇంత చల్లగా, ఇంత కఠినంగా వాడుకున్న సినిమా ఇంకోటి లేదు.

విచిత్రమేమిటంటే, ఆ ముఖానికి దీనివల్ల ఏ నష్టమూ జరగలేదు. చాక్లెట్ పెట్టె మీద బొమ్మ వచ్చింది ఈ రెండు సినిమాల మధ్యనే. 1974లో మొదలై మూడేళ్ల పాటు నడిచిన 'ముందో దె హుగెతె' అనే పిల్లల సీరియల్‌లో ఆమె నానా తొమసీతా. ఇన్ఫాంతె పేరు కూడా సరిగా తెలియని పిల్లలు ఆమెను తమ బామ్మ అనుకున్నారు. ఒకే సమయంలో పెద్దల సినిమాలో బూతులు తిడుతూ, పిల్లల సీరియల్‌లో బుజ్జగిస్తూ, వంటింట్లో పాల గిన్నె పక్కన నవ్వుతూ ఉండటం ఏ హీరోయిన్‌కూ సాధ్యపడలేదు. తారకు ఒకే బొమ్మ ఉంటుంది, దానికి గీత పడితే ధర పోతుంది. సారాది మొదటి నుంచీ వేషమని అందరికీ తెలుసు. పళ్ల కథ ఆమె చెప్పుకుంటూ తిరిగింది అందుకేనేమో.

1980 నవంబర్ 21న న్యుమోనియాతో ఆమె మెక్సికో సిటీలో చనిపోయింది. వయసు 85. అప్పటికి విగ్గు అవసరం తీరిపోయి చాలా ఏళ్లైంది. పాంతెయోన్ ఎస్పన్యోల్ శ్మశానంలో, నలభై ఏళ్ల ముందు పోయిన కూతురి దగ్గరే ఆమెను కూడా పూడ్చిపెట్టారు.